ఏ గొల్యాతుకు ఏ ఆయుధము?

పాఠ్యభాగములు: 1 సమూయేలు 17:1–54, 21:8–9, మత్తయి 4:1–11, మార్కు 9:14–29



ఈ నెల బైబిలు పాఠమును ఒక వీడియో గేముతో మొదలుపెడుతున్నాము. ఇది చదివి మీలో కొందరు కళ్ళజోడు సర్దుకొని మొదటి వరుసకు మళ్ళీ వస్తారని తెలుసు. సంఘపెద్దలకు వీడియో గేములతో ఏమి పని అని మీరు అడుగవచ్చును. ఆరు నెలల క్రితము మమ్ములను ఎవరైనా ఈ మాట అడిగితే మేమూ అదే చెప్పేవారము. కాని ప్రభువు పాఠము నేర్పదలచుకొన్నప్పుడు బిలామునకు గాడిదచేత నేర్పినవాడు. మాకు మనుమని చేత నేర్పాడు.

కుందలహళ్ళిలో దసరా సెలవులు

కుందలహళ్ళి గేటుకు దగ్గరలో మా కుమారుని కాపురము. ఒకప్పుడు ఇక్కడ చెరువు, తోటలు, చిన్న ఊరు. 1990లలో వైట్‌ఫీల్డులో టెక్ పార్కు వచ్చిన తరువాత ఈ ప్రాంతము మారిపోయింది. 2023 మార్చిలో మెట్రో రైలు కూడా వచ్చింది. నెల్లూరు, ఒంగోలు, గుంటూరు, కడప, అనంతపురము వైపులనుండి వచ్చిన మనవారు, కంప్యూటర్ల ముందు కూర్చొనేవారు, కట్టడములకు ఇటుక మోసేవారు, ఇద్దరూ ఇక్కడ ఉన్నారు. ఆదివారమున ఒకే బెంచీమీద కూర్చుంటారు. అది దేవుని కృప.

మా మనుమనికి పన్నెండు సంవత్సరములు. దసరా సెలవులలో వాడు టీవీకి ఒక పెట్టె తగిలించి పొద్దస్తమానము ఒకే ఆట ఆడుచుండెను. ఆ ఆట పేరు 'మెగా మ్యాన్'. జపానుదేశములోని క్యాప్‌కామ్ అనే కంపెనీ 1987లో దీనిని తయారు చేసింది. పాత ఆటలను ఒకచోట చేర్చి 2015లో మరల విడుదల చేసినందున ఈనాటి పిల్లలకు కూడా అది దొరుకుచున్నది.

మా కోడలు వచ్చి, "మామయ్యా, మీరైనా చెప్పండి. పరీక్షలలో మార్కులు చూస్తే ఏడుపు వస్తున్నది. వీడు ఆట వదలడు" అన్నది. మేము ముప్పది సంవత్సరములకు పైగా పిల్లలకు చదువు చెప్పినవారము. ఇదేమంత కష్టము అనుకొని లేచి వెళ్ళి టీవీ వైరు పీకి మా పెట్టెలో పెట్టి తాళము వేశాము. వాడు ఏడవలేదు, అరవలేదు. రెండు రోజులు మాతో మాట్లాడలేదు. పుస్తకమూ తీయలేదు.

రెండవ రోజు రాత్రి మా కుమారుడు నెమ్మదిగా, "నాన్నగారూ, వైరు తీశారు సరే. వాడికి ఏమి కష్టమో అడిగారా?" అన్నాడు. ఈ ప్రశ్న మాకు సూటిగా తగిలింది. ఉపాధ్యాయ శిక్షణలో మాకు నేర్పిన మొదటి పాఠము, బిడ్డను తెలిసికొన్న తరువాతనే పాఠము చెప్పమని. మేము దానిని మరచి, చేతికి దొరికినదానితో కొట్టాము.

పసుపు రాక్షసుడు

మరునాడు వైరు తెచ్చి యిచ్చి, వాని ప్రక్కన కూర్చొని, "ఎక్కడ ఆగిపోయావురా?" అని అడిగాము. వాడు మమ్ములను అనుమానముగా చూచి, "బాసు దగ్గర తాతా" అన్నాడు. బాసు అంటే ఆఫీసులో పై అధికారి అనుకొన్నాము. కాదట. ఈ ఆటలలో ఒక్కొక్క మెట్టు చివర దారికి అడ్డముగా నిలిచే పెద్ద శత్రువును బాసు అంటారు. వానిని పడగొట్టనిదే ముందుకు పోలేము.

ఆ ఆట కట్టుబడిని వాడు మాకు వివరించాడు. అందులో మొదట ఆరుగురు శత్రువులు. ఒక్కొక్కనిని గెలిచినప్పుడు వాని ఆయుధము మనది అవుతుంది. ఆ ఆయుధము అందరిమీద సమానముగా పనిచేయదు. కట్ మ్యాన్ కత్తెర ఎలెక్ మ్యాన్ మీద పనిచేస్తుంది. ఎలెక్ మ్యాన్ మెరుపు ఐస్ మ్యాన్ మీద, ఐస్ మ్యాన్ మంచు ఫైర్ మ్యాన్ మీద, ఫైర్ మ్యాన్ నిప్పు బాంబ్ మ్యాన్ మీద, బాంబ్ మ్యాన్ బాంబు గట్స్ మ్యాన్ మీద, గట్స్ మ్యాన్ బలము తిరిగి కట్ మ్యాన్ మీద పనిచేస్తుంది. ఎవనికి ఏది అని తెలియనివాడు రోజంతా కాల్చినా చేతులు నొప్పి తప్ప ఫలము ఉండదు.

ఈ ఆరుగురి తరువాత కోటలో మొదట ఎదురయ్యేవాడు 'ఎల్లో డెవిల్'. ఆ పేరు వినగానే మాకు కొంచెము కోపము వచ్చింది గాని ఓర్చుకొన్నాము. పెద్ద పసుపు ముద్దవంటి రాక్షసుడు. ముక్కలు ముక్కలుగా విడిపోయి గది ఆ ప్రక్కకు ఎగిరి మరల కూడుకొంటాడు. ఎక్కడ కొట్టినా దెబ్బ తగలదు. వాని కన్ను తెరచుకొన్నప్పుడు ఆ కన్నుమీద కొడితేనే తగులుతుంది. కన్ను తెరచి ఉండేది కొద్ది క్షణములే.

వాడు మామూలు తుపాకితో కొట్టుచున్నాడు. ఒక్కొక్క దెబ్బకు రాక్షసుని బలము వెంట్రుకవాసి తగ్గుచున్నది. ఈలోగా వీడు చనిపోవుచున్నాడు. ఇలా ఎన్నోసార్లు జరిగింది.

"నీ దగ్గర ఆ మెరుపు ఉన్నది కదా, అది వాడవేమి?" అని అడిగాము.

"అది వాడితే అయిపోతుంది తాతా. తరువాత వచ్చేవాడికి దాచాను."

"తరువాతవాని దగ్గరకు నీవు చేరితే కదరా!"

వాడు ఒక్క నిమిషము మా ముఖము చూచి నవ్వాడు. ఆ తరువాత వానికి ఒక సంగతి తట్టింది. ఆ ముక్కలు ఎగిరే వరుస ఎప్పుడూ ఒకటే. పైది, క్రిందిది, మధ్యది అని ఒక క్రమము ఉన్నది. దానిని కాగితముమీద గీసికొంటాను అని ఒక నోటుపుస్తకము తెచ్చి వెనుక పేజీలో గీశాడు. వరుస కంఠస్థము చేశాడు, కన్ను తెరచుకొనేవరకు ఓర్చుకొన్నాడు, మెరుపుతో కొట్టాడు. మూడవ ప్రయత్నములో ఆ పసుపు రాక్షసుడు పడిపోయాడు. ఇల్లు ఎగిరిపోయేటట్లు వాడు కేక వేశాడు. నిజము చెప్పవలెనంటే మేము కూడా వేశాము.

ప్రియులారా, ఆ సమయమున మా జ్ఞాపకమునకు వచ్చినది ఏలా లోయ.

గొల్యాతును గూర్చి మూడు సంగతులు

1. అందరికీ కనబడిన ఆయుధము దావీదుది కాదు

గొల్యాతు ఎత్తు ఆరు మూరల మీద జేన. వాని కవచము అయిదు వేల తులముల యిత్తడి అని వాక్యము చెప్పుచున్నది. నేటి తూకములో సుమారు యాబది అయిదు కిలోలు. నలువది దినములు ఉదయము సాయంకాలము వాడు వచ్చి సవాలు చేశాడు. ఇశ్రాయేలీయులందరు వాని కవచమునే చూచారు. కవచమునకు కవచము, కత్తికి కత్తి కావలెనని తలంచారు. అంతటి కవచము ఎవరికీ లేదు గనుక భయపడ్డారు.

సౌలు రాజు దయగలిగి తన కవచమునే దావీదుకు తొడిగించాడు. అది చెడ్డ కవచము కాదు. రాజుగారి కవచము, దేశములో అన్నిటికంటె మంచిది. కాని దావీదు నడచి చూచి, అది తనకు వాడుక కాలేదని చెప్పి తీసివేశాడు (17:39). ఇక్కడ ఒక విశేషము గమనించండి. సౌలు బెన్యామీను గోత్రికుడు. ఆ గోత్రములో ఏడువందలమంది ఎడమచేతివారు వెంట్రుక గురిగా పెట్టినా తప్పకుండ వడిసెలతో కొట్టగలవారని న్యాయాధిపతులు 20:16లో చూడగలము. తన సొంత జనులకు తెలిసిన పనిముట్టును సౌలు మరచిపోయాడు. రాజైన తరువాత కవచమే కనబడింది.

మన పిల్లలకు మనము సౌలు కవచములు తొడుగుచున్నామేమో! మనకు సరిపోయినది గనుక వారికీ సరిపోతుంది అనుకొంటాము. "మేము లాంతరు వెలుగులో చదివాము, నీకేమి కష్టము?" అంటాము. అది మన కవచము. దయతోనే తొడుగుతాము, కాని ఆ బరువుతో బిడ్డ అడుగు వేయలేడు.

2. దావీదు ఆయుధము వాడి చూచినది

వడిసెల అంటే నేటి పట్టణపు పిల్లలకు తెలియదు. మా బాల్యములో జొన్న చేను కంకి వేసినప్పుడు మంచె ఎక్కి వడిసెలతో పిట్టలు తోలేవారము. నడుమ చిన్న ఒడి, రెండు ప్రక్కల రెండు త్రాళ్ళు. ఒక త్రాడు కొన వ్రేలికి తగిలించి, రెండవది అదే చేతిలో పట్టుకొని త్రిప్పి, సమయమునకు రెండవదానిని విడిచిపెట్టవలెను. క్షణము ముందు విడిస్తే రాయి మన వెనుకకు పోతుంది, క్షణము ఆలస్యమైతే ప్రక్కకు పోతుంది. చూచుటకు ఆటవస్తువువలె ఉంటుంది గాని చేయి కుదురుటకు కొన్ని పంటకాలములు పట్టుతుంది. రాయి కూడా ఏదో ఒకటి పనికిరాదు. కోణములు ఉన్న రాయి గాలిలో దారి తప్పుతుంది. అందుచేతనే దావీదు ఏటికి వెళ్ళాడు. నీరు ఏండ్ల తరబడి దొర్లించి నునుపు చేసిన రాళ్ళను అయిదు ఏరుకొన్నాడు. అది అజాగ్రత్తగల కుర్రవాని పని కాదు, పనిముట్టు తెలిసినవాని పని.

సింహము, ఎలుగుబంటి వచ్చినప్పుడు దేవుడు తనను విడిపించిన సంగతి దావీదు సౌలుకు సాక్ష్యముగా చెప్పాడు. అనగా ఎవరూ చూడని అడవిలో దేవుడు నేర్పినది, అందరూ చూచే లోయలో పనికి వచ్చింది. నమ్మిక దేవునిమీద, చేతిలో తెలిసిన పనిముట్టు. ఈ రెండును కలిసి పోవునవే గాని ఒకదానికొకటి విరోధము కావు. ప్రార్థన చేశాను గనుక రాళ్ళు ఏరుకొనను అని దావీదు అనలేదు. రాళ్ళు ఏరుకొన్నాను గనుక ప్రార్థన అక్కరలేదు అని కూడా అనలేదు.

3. దెబ్బ తగలవలసిన చోటు ఒకటే

అంత యిత్తడిలో కప్పబడనిది నుదురు. దావీదు రాయి అక్కడ తగిలింది. మిగిలిన చోట ఎంత బలముగా తగిలినా శబ్దము తప్ప ఫలము ఉండదు. తరువాత దావీదు చేతిలో కత్తి లేదు గనుక గొల్యాతు కత్తినే దూసి పని ముగించాడు. ఆ కత్తి సంగతి అక్కడితో అయిపోలేదు. 21వ అధ్యాయములో దావీదు ఒట్టి చేతులతో పారిపోయి నోబుకు వచ్చినప్పుడు, యాజకుడు బట్టలో చుట్టి ఉంచిన ఆ కత్తినే యిచ్చాడు. అటువంటిది మరొకటి లేదని దావీదు సంతోషముగా పుచ్చుకొన్నాడు. నిన్నటి శత్రువు ఆయుధము రేపటి సహాయము. మా మనుమని ఆటలో ఉన్న క్రమము వింతగా ఇక్కడ కూడా ఉన్నది. ఒక శ్రమను దేవుని సహాయముతో దాటినవాడు దానిలో నేర్చినది విడిచిపెట్టకూడదు. అది ఇంకొక దినమునకు, ఇంకొకరికి పనికి వస్తుంది.

ప్రభువు చూపిన మాదిరి

అరణ్యములో శోధకుడు మూడు సార్లు వచ్చాడు. ప్రభువు మూడు సార్లు లేఖనముతోనే జవాబిచ్చాడు. అయితే మూడు సార్లు ఒకే వచనము చెప్పలేదు. రొట్టెను గూర్చిన శోధనకు ద్వితీయోపదేశకాండము 8వ అధ్యాయమునుండి, దేవాలయ శిఖరము శోధనకు 6:16నుండి, లోకరాజ్యముల శోధనకు 6:13నుండి తీశాడు. ప్రతి శోధనకు తగిన మాట. లేఖనము అంతయు ఆయన హృదయములో ఉన్నందున ఆ గడియకు ఏది కావలెనో అది చేతికి వచ్చింది. ఒకే వచనము కంఠస్థము చేసి ప్రతి వ్యాధికి అదే మాత్ర వేసే విశ్వాసులకు ఇది హెచ్చరిక.

మార్కు 9వ అధ్యాయములో శిష్యులు ఒక చిన్నవానిని బాగుచేయలేకపోయారు. అంతకుముందు వారికి అధికారము ఇవ్వబడింది, పని జరిగింది, ఇప్పుడు జరుగలేదు. ఏకాంతముగా కారణము అడిగారు. ఈ విధమైనది ప్రార్థనతో తప్ప పోదని ప్రభువు నేర్పాడు. 'ఈ విధమైనది' అనే మాటలోనే ఈ పాఠమంతయు ఉన్నది. శత్రువులలో విధములు ఉన్నవి. శిష్యులు సిగ్గుపడక వచ్చి అడిగారు గనుక తెలిసికొన్నారు.

మన తండ్రుల మాదిరి

తెలుగు బాప్టిస్టులమైన మనకు సొంత ఇంటిలోనే ఒక సాక్ష్యము ఉన్నది. నెల్లూరు మిషను ఫలము కనబడక మూయబడవలసిన స్థితిలో ఉండగా ఒంటి నక్షత్రము అని పేరు పొందినది. 1866లో ఒంగోలుకు వచ్చిన జాన్ ఎవరెట్ క్లౌ దొరగారు యౌవనములో అమెరికాలో భూముల సర్వే పని నేర్చినవారు. 1876–78 మహా కరువు వచ్చినప్పుడు జనులు ఆకలితో చనిపోవుచుండిరి. ఆ గొల్యాతు ఎదుట ప్రసంగము ఒక్కటే చాలదని ఆయన ఎరిగి, బకింగ్‌హాము కాలువ త్రవ్వకములో మూడున్నర మైళ్ళు కాంట్రాక్టు తీసికొని వేలమందికి పని, కూలి కల్పించారు. సర్వే గొలుసు ఆయన వడిసెల.

అయితే ఇంకొకటి కూడా గమనించండి. ఆ కరువు కాలములో ఆయన బాప్తిస్మములు ఆపివేశారు. రొట్టె కొరకు ఎవరూ క్రీస్తు పేరు పెట్టుకొనకూడదని అలాగు చేశారు. రొట్టె పనికి రొట్టె, ఆత్మ పనికి ఆత్మ. రెండు పనిముట్లను కలిపి పాడుచేయలేదు. కరువు సహాయము ముగిసిన తరువాత 1878 జూలై 3న గుండ్లకమ్మ నదిలో వెల్లంపల్లి దగ్గర ఒక్క దినమే 2,222 మంది బాప్తిస్మము పొందారు. మనలో అనేకుల తాతముత్తాతలు ఆ రోజులలో ఆ నీటిలో దిగినవారే.

నోటుపుస్తకము వెనుక పేజీ

ఇప్పుడు మా మనుమని సంగతికి రావలెను. వాడు రాక్షసుని వరుస గీసినది కన్నడము నోటుపుస్తకము వెనుక పేజీలో. ఆట ముగిసిన తరువాత ఊరకనే ఆ పుస్తకము త్రిప్పాము. ముందు పేజీలు చాలావరకు ఖాళీ. వ్రాసిన చోట కన్నడ మాటలు ఇంగ్లీషు అక్షరములలో వ్రాసి ఉన్నవి. మేము ఏమీ అనలేదు. వాడే తలవంచుకొని, "ఆ అక్షరాలన్నీ చుట్టలు చుట్టలుగా ఒకేలా కనపడతాయి తాతా. క్లాసులో నా వంతు వచ్చినప్పుడు బాత్రూముకని బయటికి పోతాను" అన్నాడు.

అదీ వాని గొల్యాతు. టీవీలోనిది కాదు. టీవీలోని రాక్షసుడు కనీసము ఓడిపోతాడు గనుక వాడు అక్కడికి పారిపోయాడు.

కర్ణాటక రాష్ట్రములో 2015లో చేసిన చట్టము ప్రకారము బడులలో కన్నడము నేర్పవలెను. అది న్యాయమే, మనము వారి అన్నము తినుచున్నాము. వాని తలిదండ్రులు వానికి ట్యూషను పెట్టారు. అక్కడ జవాబులు బట్టీ పట్టించారు. చదువుటయే రానివానికి బట్టీ జవాబులు సౌలు కవచము. మేము వైరు పీకాము. అది కర్ర తీసికొని నీడను కొట్టినట్లు.

అప్పుడు మాకు ఒక ప్రశ్న వచ్చింది. వీనికి తెలుగు చదువ వచ్చునా? రాదు. ఆరాధనలో పాటలు ఇంగ్లీషు అక్షరములలో చూచి పాడుచున్నాడు. ఇన్ని ఏండ్లు ప్రక్కన కూర్చొని మేము గమనించలేదు. ఇది మా తప్పు. ముప్పది సంవత్సరములు ఊరివారి పిల్లలకు అ ఆలు దిద్దించి, ఇంటి పిల్లవానిని విడిచిపెట్టాము.

కాని అక్కడే పనిముట్టు కూడా కనబడింది. తెలుగు లిపి, కన్నడ లిపి ఒకే తల్లి బిడ్డలు. కొన్ని వందల సంవత్సరముల క్రితము వరకు రెండును ఒకటే. ఈనాటికీ చాలా అక్షరములు పోలికతో ఉన్నవి. తలకట్టు వ్రాసే తీరులోనే ముఖ్యమైన తేడా. మాటలు కూడా అంతే. మనము పాలు అంటే వారు హాలు, మనము పులి అంటే వారు హులి, మన పంది వారికి హంది. మన పల్లె వారికి హళ్ళి. "కుందలహళ్ళి అంటే కుందలపల్లె అన్నమాట!" అని వాడు తనంతట తానే కనుక్కొని గంతు వేశాడు. పకారము ఉన్నచోట హకారము పెట్టిచూడు అనే ఆ చిన్న సూత్రము వానికి మెరుపు ఆయుధమువలె దొరికింది.

అప్పటినుండి రోజూ సాయంకాలము అరగంట. ఒక పేజీ తెలుగు, ఒక పేజీ కన్నడము. అరవై దాటిన మేము కూడా వానితో కలిసి కన్నడము నేర్చుకొంటున్నాము. తప్పులు మావే ఎక్కువ, అందుకు వానికి మహా సంతోషము. చదువు తరువాత ఆటకు అరగంట. వైరు వాని దగ్గరే ఉన్నది. ఇప్పుడు గేటునుండి మారతహళ్ళి వరకు దుకాణముల బోర్డులు చదువుచు నడుస్తాడు. మార్కులు ఇంకా గొప్పగా లేవు. కాని వాని వంతు వచ్చినప్పుడు బయటికి పోవుట మానివేశాడు. క్రిస్మసు ఆరాధనలో లూకా 2వ అధ్యాయమునుండి రెండు వచనములు తెలుగులో చదివాడు. ఒకచోట ఒత్తు దగ్గర ఆగి మావైపు చూచాడు. మేము పెదవి కదపలేదు. వాడే కూడబలుక్కొని చదివాడు.

మన సంఘములకు అన్వయము

మొదటిగా, మనుష్యులు గొల్యాతులు కారు. మన పోరాటము రక్తమాంసములతో కాదని ఎఫెసీ 6:12 చెప్పుచున్నది. మాట వినని కొడుకు, అత్తగారు, పై అధికారి, వీరు మనము పడగొట్టవలసిన బాసులు కారు. వారితో కలిసి పడగొట్టవలసినది వేరొకటి ఉన్నది. అది ఏదో అడిగి తెలిసికొనండి.

రెండవదిగా, విధము తెలిసి ఆయుధము తీయండి. అప్పు అనే గొల్యాతుకు ఉపవాసముతో పాటు కాగితము, పెన్సిలు కావలెను. భార్యాభర్తలు కలిసి వ్రాసిన లెక్క కావలెను. ఉద్యోగము పోయినవానికి ఉపదేశముకంటె ముందు రెండు నెలల బియ్యము, నలుగురి పరిచయములు కావలెను. త్రాగుడుకు కన్నీటి ప్రార్థనతో పాటు వైద్యుడు కూడా కావలెను. మన బెంగళూరులో నిమ్హాన్స్ ఆసుపత్రిలో దీనికొరకు ప్రత్యేక విభాగము ఉన్నది. పిల్లలు ఫోనుకు, ఆటలకు బానిసలై నిద్ర, తిండి, బడి మానివేసే స్థితి వస్తే అది వేరొక విధము. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో ఆమోదించిన వ్యాధుల పట్టికలో ఆటల వ్యసనమును వ్యాధిగా చేర్చింది. 2014లోనే నిమ్హాన్స్‌లో 'షట్' అను పేరుతో దీనికి ఒక క్లినిక్కు ప్రారంభమైనది. అక్కడికి తీసికొనిపోవుట అవిశ్వాసము కాదు, సిగ్గు అంతకంటె కాదు.

మూడవదిగా, దేవుడిచ్చినదానిని దాచిపెట్టి ఓడిపోకండి. మా మనుమడు మెరుపును దాచినట్లు, మనలో అనేకులు తమకు వచ్చిన విద్యను ఎప్పటికో అని దాచుచున్నారు. మన సంఘములలో పదవీ విరమణ చేసిన ఉపాధ్యాయులు, నర్సులు, బ్యాంకు ఉద్యోగులు ఉన్నారు. పిల్లలను చూచుకొనుటకు బెంగళూరు వచ్చి, బాల్కనీలో కూర్చొని, మేము ఇక్కడ దేనికీ పనికిరాము అనుకొనుచున్నారు. పెద్దలారా, మీ వడిసెల మీ దగ్గరే ఉన్నది.

కాబట్టి మేము సంఘములకు ఒక మనవి చేయుచున్నాము. సండే స్కూలుకు ముందు అరగంట అక్షరముల తరగతి పెట్టండి. ఒక పలక, ఒక బాలశిక్ష, ఒక తెలుగు బైబిలు, ఒక తాతగారు లేక అవ్వగారు చాలు. తెలుగు వచ్చిన బిడ్డకు కన్నడము సగము వచ్చినట్లే. తన భాషలో దేవుని వాక్యము చదువగల బిడ్డ మనము పోయిన తరువాత కూడా చదువుతాడు.

చివరిగా ఒక హెచ్చరిక. ఆటలో చనిపోయినవాడు బొత్తాము నొక్కితే లేస్తాడు. పిల్లల బాల్యమునకు అటువంటి బొత్తాము లేదు. ఈ సాయంకాలమే మీ బిడ్డ ప్రక్కన కూర్చొని, "ఎక్కడ ఆగిపోయావు?" అని అడగండి. అడిగి ఊరకుండండి. జవాబు వచ్చేవరకు చేతిలోనికి ఏ ఆయుధమూ తీసికొనకండి.

చర్చకు ప్రశ్నలు

1. సౌలు కవచము మంచిదే అయినా దావీదుకు ఎందుకు పనికిరాలేదు? మీ ఇంటిలో అటువంటి కవచము ఏది?

2. ఎవరూ చూడని చోట దేవుడు మీకు నేర్పిన పని ఏది? ఈ సంఘములో అది ఎవరికి అవసరము?

3. మత్తయి 4లో ప్రభువు వాడిన మూడు లేఖనములను ద్వితీయోపదేశకాండములో వెదకి, ఏ శోధనకు ఏది సరిపోయినదో వ్రాయండి.

4. క్లౌ దొరగారు కరువులో బాప్తిస్మములు ఎందుకు ఆపారు? నేడు మన సహాయ కార్యక్రమములలో ఆ జాగ్రత్త ఉన్నదా?

5. మీ ఇంటి పిల్లలలో తెలుగు బైబిలు చదువగలవారు ఎందరు? చదువలేనివారికి ఎవరు నేర్పుదురు? పేరు, దినము వ్రాసికొనండి.

కంఠస్థ వాక్యము: 1 సమూయేలు 17:47. పిల్లలు తెలుగు బైబిలులో తామే చూచి వ్రాసికొని రావలెను.

ప్రార్థన: తండ్రీ, మా పిల్లల ఎదుట నిలిచిన గొల్యాతులను చూచుటకు మాకు కన్నులు ఇమ్ము. మా బరువైన కవచములను వారిమీదనుండి తీసివేయుటకు వినయము ఇమ్ము. ఏటి ఒడ్డున నీవు నునుపు చేసి ఉంచిన రాళ్ళను వారికి చూపుటకు ఓపిక ఇమ్ము. యేసు నామమున వేడుకొనుచున్నాము. ఆమేన్.